లోపలి గడియ

మా అత్తయ్య ఆస్పత్రి నుంచి ఇంటికి వచ్చిన రోజే తలుపు కావాలని అడిగింది. మంచినీళ్ళు అడిగినంత మామూలుగా అడిగింది. మా ఆయన మందుల సంచి బల్ల మీద పెడుతున్నాడు. నేను ఆమె వీపు కింద దిండు సర్దుతున్నాను. మామగారు మంచం పక్కన కుర్చీ వేసుకుని ఆమె చెయ్యి పట్టుకుని కూర్చున్నారు. ఆయన ముఖంలోకి చూసి, "నా గదికి ఒక తలుపు పెట్టించండి," అంది. మేం ముగ్గురం ఎక్కడి వాళ్ళం అక్కడ ఆగిపోయాం. కొత్తవాళ్ళెవరైనా అక్కడ ఉండి ఉంటే, తలుపు మాటకే ఇంత బెంగ ఎందుకని నవ్వుకునేవాళ్ళు.

ఆ ఇంట్లో తలుపులు లేవు. వీధి వాకిలికి మాత్రం ఒకటి ఉంది, అదీ గాజుది. లోపల ఒక్క గదికీ లేదు. స్నానాల గదికి కూడా లేదు. అక్కడ గోడే నత్తగుల్లలా రెండు మలుపులు తిరుగుతుంది, రెండో మలుపు దాటాక కుళాయి ఉంటుంది. గోడలేవీ కప్పుని తాకవు, జానెడు కిందే ఆగిపోతాయి. గాలి ఈ మూల నుంచి ఆ మూలకి అడ్డు లేకుండా ఆడాలని మామగారు అలా కట్టారు. గాలితో పాటు మాటా వెళ్తుంది, గురకా వెళ్తుంది, ఏడుపూ వెళ్తుంది. పెళ్ళైన కొత్తలో నేనూ మా ఆయనా పోట్లాడుకోవాలంటే బస్సెక్కి ఊరి చివర పార్కుకి పోయేవాళ్ళం. టిక్కెట్టు కొనుక్కుని మరీ తిట్టుకున్న మొగుడూ పెళ్ళాలం మేమే అయ్యుంటాం.

మామగారు సామాన్యుడు కాదు, ఆ మాట ముందే చెప్పాలి. అందరూ స్తంభాలకి నగిషీలు, గోడలకి సున్నపు పువ్వులు పెట్టి మేడలు కడుతున్న రోజుల్లో ఆయన పూత లేని కాంక్రీటు గోడలు లేపారు. పూతకి డబ్బు చాల్లేదు కాబోలు పాపం అని జనం జాలిపడ్డారట. మిల్లు పనివాళ్ళకి ఆయన కట్టిన ఇళ్ళలో ప్రతి వంటింట్లోకీ పొద్దుటెండ వస్తుంది. ఆయన కట్టిన బడిలో పిల్లలు మబ్బు పట్టిన రోజున కూడా దీపం వెయ్యకుండా చదువుకుంటారు. ఆ బడిలోనే నేను లెక్కలు చెబుతాను కాబట్టి ఇది ఎవరో చెప్పగా విన్నది కాదు. ఆయన దగ్గర చదువుకున్నవాళ్ళూ, ఆయన గురించి చదువుకున్నవాళ్ళూ ఎక్కడెక్కడినుంచో వచ్చి మా ఇంటి గోడల్ని తడిమి చూసేవాళ్ళు. మనుషుల్ని నమ్మినవాడికి గోడ చాలు, తలుపు నమ్మలేనివాడికి అని ఆయన చెప్పిన మాట వాళ్ళకి కంఠతా వచ్చు. ఆ నమ్మకంతో నలభై ఏళ్ళు కాపురం చేసింది మాత్రం మా అత్తయ్య.

ఆ ఎండాకాలం ఇంటికి ఇంకో గండం కూడా వచ్చిపడింది. మా వీధిని వెడల్పు చేస్తారట, ఇంటి ముందు భాగం రోడ్డులో కలిసిపోతుందట. దాన్ని తప్పించుకోవడానికి దారి ఒకటే. పాత కట్టడాలను కాపాడే సంఘం ఒకటుంది. మా ఇల్లు కాపాడదగ్గదని ఆ సంఘం రాసిస్తే రోడ్డువాళ్ళు ఇటుక కూడా ముట్టుకోలేరు. అయితే కట్టిననాడు ఇల్లు ఎలా ఉందో ఇప్పుడూ అలాగే ఉండాలి. వానలు మొదలయ్యేలోపు వచ్చి చూస్తామన్నారు. ఆ సంఘం పెద్ద మామగారి పాత శిష్యుడే. మనిషి బాగా పొడుగు కాబట్టి మా ఇంట్లో ఆయన్ని పొడుగాయన అనేవాళ్ళం.

అందుకే అత్తయ్య తలుపు అడగ్గానే మేం అలా ఆగిపోయాం. మామగారు ఆమె చెయ్యి నిమురుతూ, ఇప్పుడు నీరసంగా ఉన్నావు, పడుకో, తర్వాత మాట్లాడుకుందాం అన్నారు. నీరసంగా ఉన్నాను కాబట్టే అడుగుతున్నానని ఆమె కళ్ళు మూసుకుంది.

ఆమెకి కుడి రొమ్ము తీసేశారు. పొద్దున్నే కట్టు విప్పి, తుడిచి, మందు రాసి, కొత్త కట్టు కట్టడం నా పని. బడికి సెలవులు కాబట్టి సరిపోయింది. కట్టు విప్పినప్పుడు ఆమె కిటికీ వైపు తప్ప ఇంకెటూ చూసేది కాదు. మొదటి రెండు మూడు రోజులు కట్టు విప్పడానికి నేనే తటపటాయించేదాన్ని. "నువ్వు పిల్లల పేపర్లు దిద్దినట్టు దిద్దెయ్యి, అంత ఆలోచించకు," అని ఆమే నాకు ధైర్యం చెప్పింది. మా ఇంట్లో ఎవరైనా గోడ మలుపు తిరిగేముందు దగ్గుతారు. ఏ దగ్గు ఎవరిదో కళ్ళు మూసుకుని చెప్పగలం. ఆ దగ్గు వినగానే నేను దుప్పటి పైకి లాగేదాన్ని. అయితే ఈ పద్ధతి ఇంట్లోవాళ్ళకి తెలుసు గానీ బయటివాళ్ళకి తెలియదు కదా.

ఒక పొద్దున కట్టు విప్పి ఉండగానే విద్యార్థులు ఇద్దరు లోపలికి వచ్చేశారు. మామగారు ముందు గదిలో మిగతావాళ్ళకి గాలి ఎటు నుంచి ఎటు పోతుందో చెబుతున్నారు. వీళ్ళు ఆ గాలి వెంటే వచ్చినట్టున్నారు. ఒకమ్మాయి చేతిలో బొమ్మలు గీసే పుస్తకం, అబ్బాయి చేతిలో కెమెరా. కెమెరా కంటి దగ్గరే ఉంది. వాడు ఫోటో తియ్యలేదు, అది నేను చూశాను. అయినా ఇద్దరూ కొయ్యబారిపోయి నిలబడ్డారు. అత్తయ్యకి చెయ్యి లేవదు, కప్పుకోలేకపోయింది. నేను అడ్డం పడి, పొమ్మని అరిచాను. వాళ్ళు గోడకి తగులుకుంటూ పరిగెత్తారు. తర్వాత నేను కట్టు కడుతుంటే ఆమె మెల్లగా, "నాకు సిగ్గుగా లేదే. కోపంగా ఉంది," అంది. ఆమె నోటి నుంచి కోపం అన్న మాట నేను వినడం అదే మొదటిసారి. నాకు కళ్ళనీళ్ళు ఆగలేదు.

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నా నోరు మంచిది కాదు, మా అమ్మ కూడా ఒప్పుకుంటుంది. ఆ సాయంత్రం మామగారిని పట్టుకుని కడిగేశాను. వీధిలో పోయేవాళ్ళకి చూపించడానికి ఇదేమైనా బొమ్మల కొలువా, లోపల మనిషి పడుకుని ఉందని తెలియదా అన్నాను. ఆయన అరవలేదు. విద్యార్థుల్ని ఇక రానివ్వనన్నారు. మంచానికి అడ్డంగా మెడ ఎత్తు చెక్క తెర చేయిస్తానన్నారు, దానికి అప్పటికే బొమ్మ కూడా గీశారు, అందంగానే ఉంది. అత్తయ్య ఆ బొమ్మ చూసి వెనక్కి ఇచ్చేసింది. గడియ పెట్టుకునేది కావాలంది.

అప్పుడు ఆయన కుర్చీలోంచి లేచారు. లేచి, నా వైపు చూడకుండా, ఆమెతోనే మాట్లాడారు. "మా అమ్మ గడియ పెట్టుకునే పోయింది. పది గదుల ఇల్లు, పది తలుపులు. లోపల పడిపోయి పిలిచిందో లేదో కూడా ఎవరికీ తెలీదు. పొద్దున్న తలుపు పగలగొట్టాం. ఇప్పుడు నీ గదికీ నన్ను గడియ పెట్టమంటున్నావు."

ఆ సంగతి అత్తయ్యకి తెలుసు. మా ఆయనకి తెలియదు, నాకూ తెలియదు. ఆయన మాట్లాడింది పుస్తకాల్లోకి ఎక్కిన ఆ నమ్మకం గురించి కాదని నాకు అప్పుడు అర్థమైంది. జాలేసింది. జాలేసినంత మాత్రాన నా కోపం పోలేదు. "మీ అమ్మ పోయిందని నేను నలభై ఏళ్ళు గది తెరిచిపెట్టుకుని ఉన్నానుగా," అంది అత్తయ్య.

మా ఆయన గోడ మీద పిల్లి. మా గోడలు పొట్టివి కాబట్టి ఆ పిల్లికి ఎక్కడం కూడా సులువే. సంఘంవాళ్ళు వచ్చి వెళ్ళేదాకా ఆగుదామన్నాడు. వాళ్ళు రాసిచ్చాక మేకు కొట్టాలన్నా వాళ్ళ అనుమతి కావాలి, తలుపెలా పెడతావని అడిగితే గడ్డం గోక్కున్నాడు. ఇప్పుడు పెడితే ఇల్లు పోతుంది, అప్పుడు పెట్టనివ్వరు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. ఆ రాత్రంతా ఆలోచించి పొద్దున్నే నేను వడ్రంగికి ఫోను చేశాను. ఇల్లు సగం పోయినా బతకొచ్చు, ఆమె మనసు విరిగిపోతే నేను చూడలేను అనిపించింది. ఇప్పటికీ అదే అంటాను.

వడ్రంగి మా బడికి బల్లలు చేసినవాడే. వచ్చి, అత్తయ్య గది ముందు నిలబడి పైకీ కిందికీ చూసి, తల గోక్కున్నాడు. మామూలు గుమ్మం అయితే పైన కమ్మీ ఉంటుంది, పక్కన చెక్క ఉంటుంది. ఇక్కడ ఒక గోడ ఆగిపోతుంది, కాస్త ఎడంగా ఇంకో గోడ మొదలవుతుంది, మధ్యలో గాలి. "తలుపు పెడతానమ్మా, దేనికి పెట్టాలో చెప్పండి," అన్నాడు. మంచం మీదున్న అత్తయ్య నవ్వింది. ఆస్పత్రి నుంచి వచ్చాక ఆమె నవ్వగా చూడటం అదే మొదటిసారి. చివరికి నేల నుంచి కప్పు దాకా రెండు నిలువు దూలాలు గోడల అంచులకి బిగించి, వాటి మధ్య తలుపు బిగించాలని తేల్చాడు. తలుపు మీద జానెడు ఖాళీ అలాగే ఉండిపోతుంది, మాటలు వినబడతాయి అన్నాడు. వినబడనీ, కనబడకపోతే చాలంది ఆమె.

మామగారు ఇంటి పాత ప్లాన్లు ఇవ్వడానికి సంఘం ఆఫీసుకి వెళ్ళిన రోజు చూసి పని పెట్టించాను. దొంగతనంగా చేశాననే అనుకోండి, నాకేం బాధ లేదు. ఆ కాంక్రీటుకి చిల్లు పెట్టడానికి వడ్రంగి నానా తిప్పలు పడ్డాడు. మిషను ములుకులు విరిగాయి. ఇది గోడా, కొండా, ఎవరమ్మా కట్టింది అని తిట్టుకుంటూనే పనిచేశాడు. కట్టినాయన పేరు చెబితే నాలిక కరుచుకున్నాడు. గడియ లోపలి వైపా, బయటి వైపా అని అడిగితే, "లోపలే. బయట ఏమీ వద్దు," అని అత్తయ్య తనే చెప్పింది. పని అయ్యాక ఆమె నా భుజం పట్టుకుని లేచి వచ్చింది. ఎడమచేత్తో తలుపు మూసింది, నేను బయట ఉండగానే గడియ వేసింది. ఇనుము ఇనుములోకి దిగిన చప్పుడు ఆ ఇంట్లో నేను అంతవరకూ వినలేదు. ఆ చప్పుడుకి వడ్రంగీ నేనూ ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం.

మామగారు వచ్చేసరికి పొద్దుగూకింది. నేరుగా ఆమె గదికి నడిచారు, ఎప్పుడూ వెళ్ళినట్టే. ఆగి, దూలం మీద అరచెయ్యి పెట్టారు. వెనక్కి తిరిగి, ఎవరు పెట్టించారన్నారు. నేనే అన్నాను. గోడకి ఎన్ని చిల్లులు పడ్డాయన్నారు. చెప్పాను. తన పరుపు తీయించి ముందు గదిలోకి మార్చుకున్నారు. ఆ రోజు నుంచి నాతో మాట్లాడటం మానేశారు. ఏదైనా చెప్పాలనుకుంటే గోడకి చెప్పేవారు. మా గోడలు ఎలాగూ దేన్నీ దాచుకోవు కాబట్టి నాకు చేరిపోయేది.

తలుపున్న ఇంట్లో ఎలా బతకాలో మాకు తెలియదని ఆ వారమే తేలింది. మా ఆయన పుట్టి పెరిగింది ఆ ఇంట్లోనే, గది కనిపిస్తే నడుచుకుంటూ పోవడమే అలవాటు. పేపరు చదువుకుంటూ వెళ్ళి నుదురు తలుపుకి కొట్టుకున్నాడు. బొప్పి కట్టింది. మర్నాడు మళ్ళీ అదే చోట కొట్టుకున్నాడు. అత్తయ్య లోపల్నుంచి, నీకు నడక నేర్పింది నేనే గానీ చూసి నడవమని చెప్పడం మర్చిపోయానురా అంది. నేను నవ్వాను. ముందు గదిలో మామగారి కుర్చీ కిర్రుమంది, నవ్వారో విసుక్కున్నారో తెలియలేదు.

తర్వాతి వారం ఒక మధ్యాహ్నం ఎండ మండిపోతోంది. నేను గంజి పట్టుకెళ్ళి తలుపు ముందు నిలబడి పిలిచాను. పలకలేదు. మళ్ళీ పిలిచాను. తలుపు నెట్టాను, గడియ వేసి ఉంది. ముందు రోజు ఆమెకి కాస్త జ్వరం తగిలింది, పుండు చుట్టూ ఎర్రబడింది. నా పై ప్రాణాలు పైనే పోయాయి. అత్తయ్యా అని అరిచాను. మా ఆయన పరిగెత్తుకొచ్చాడు, వెనకే మామగారు. వడ్రంగి వదిలిపోయిన సుత్తి గోడ వారన ఉండేది, ఆయన దాన్ని ఎప్పుడు చేతిలోకి తీసుకున్నారో నేను గమనించలేదు. "పలుకు," అన్నారు తలుపు దగ్గరకి వచ్చి. "ఒక్కసారి పలుకు." లోపల ఏ అలికిడీ లేదు.

ఇదంతా నేను పెట్టించిన తలుపు వల్లే. ఆ క్షణంలో నాకు వేరే ఆలోచన లేదు. ఆమెకి ఏదైనా అయితే ఈయన ముఖం జన్మలో మళ్ళీ చూడగలనా అనుకున్నాను. మా ఆయన స్టూలు లాక్కొచ్చి ఎక్కాడు. జానెడు ఖాళీలోంచి తొంగి చూస్తే సరిపోతుంది కదా, నేనూ అదే అనుకున్నాను. మా ఆయన తల ఇంకా పైకి చేరలేదు.

"దిగు," అన్నారు మామగారు.

మా ఆయనకి అర్థం కాలేదు. అమ్మ ఎలా ఉందో చూస్తున్నానన్నాడు. దిగమని ఇంకోసారి అన్నారు. దిగాడు. మామగారు సుత్తి కింద పెట్టి, తలుపుకి దగ్గరగా, పైనున్న ఖాళీ వైపు తలెత్తారు. ఆయన గొంతు అంత చిన్నదైపోగా నేనెప్పుడూ వినలేదు. "నువ్వు పలకక్కర్లేదు. తియ్యక్కర్లేదు. ఉన్నావని ఒక చప్పుడు చెయ్యి, నాకది చాలు."

ఎంతసేపు గడిచిందో తెలియదు. లోపల మంచం కోడు మీద వేళ్ళతో కొట్టిన చప్పుడు వినిపించింది. మెల్లగా, రెండుసార్లు. మామగారు అక్కడే, తలుపుకి వీపు ఆనించి నేల మీద కూలబడ్డారు. ఎవరూ ఏడవలేదు గానీ మా ఆయన గోడ వైపు తిరిగి ముక్కు చీదుకున్నాడు. సాయంత్రం ఆమె గడియ తీశాక, ఎందుకలా చేశారత్తయ్యా, చచ్చి బతికాం అన్నాను. "పలకబుద్ధి కాలేదు. ఈ ఇంట్లో ఎప్పుడు పిలిస్తే అప్పుడు పలికాను. ఇవాళ పలకబుద్ధి కాలేదు," అంది. నాకు ఆమె మీద కోపం రావాల్సింది, రాలేదు. డాక్టరు వచ్చి చూసి మందు మార్చాడు, జ్వరం రెండు రోజుల్లో దిగింది.

సంఘంవాళ్ళు వచ్చే రోజు దగ్గరపడింది. మా ఆయన ఒక ఉపాయం ఆలోచించాడు. ఆ ఒక్కరోజు తలుపూ దూలాలూ విప్పేసి, చిల్లులకి సిమెంటు రాసేస్తే వాళ్ళకి తెలియదు, కాగితం చేతికొచ్చాక గుట్టుగా మళ్ళీ పెట్టుకుందాం అన్నాడు. లెక్కల టీచర్నైన నాకే ఆ లెక్క తప్పుగా కనిపించింది, ఏటేటా వచ్చి చూస్తారట కదా అన్నాను. అత్తయ్య మాత్రం, ఇల్లు నిలబడుతుందంటే అలాగే చెయ్యండి, నాకూ పదిరోజులు తలుపు దక్కింది అంది. ఆమె అలా సర్దుకుపోతుంటే నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. మామగారిని అడిగితే అవుననీ అనలేదు, కాదనీ అనలేదు.

వాళ్ళు వచ్చే రోజు పొద్దున, మా ఆయన పిలిచిన వడ్రంగి సంచీతో సహా వచ్చాడు. అత్తయ్య రాత్రంతా నొప్పితో మెలకువగా ఉండి అప్పుడే నిద్రలోకి జారింది, గడియ వేసే ఉంది. తలుపు తెరిస్తే గానీ బందులు ఊడవు. లేపమంటారా అని మా ఆయన అడిగాడు. లేవనీ, లేచాక చూద్దాం అన్నారు మామగారు. వడ్రంగి మెట్ల మీద కూర్చుని కాఫీ తాగాడు. మా ఆయన వీధి వైపు ఒకసారి, గది వైపు ఒకసారి తిరుగుతూ చెమటలు కక్కాడు. ఆమె లేవలేదు. వాళ్ళే వచ్చేశారు.

పొడుగాయన, ఇంకో ఇద్దరు. పొడుగాయన మామగారికి వంగి నమస్కారం పెట్టాడు, ఎంత వంగినా మా అందరికన్నా ఎత్తుగానే ఉన్నాడు. ముందు గది చూశారు. గోడలోంచి పుట్టి గాల్లో తేలినట్టుండే మెట్లు చూశారు. ఆ మెట్ల బొమ్మ చూసే నేనీ చదువులోకి వచ్చానని వాళ్ళలో ఒకాయన అన్నాడు. ఒక్కో అడుగూ వేసుకుంటూ అత్తయ్య గది ముందుకి వచ్చారు. తలుపు చూసి ముగ్గురూ ఆగిపోయారు.

ఇంటికి ఆ గది గుండెకాయ అని మామగారే వాళ్ళకి పాఠం చెప్పారు. రెండు వైపుల గాలీ అక్కడే కలుస్తుంది. ఇది ఎప్పటిది గురువుగారూ అన్నాడు పొడుగాయన. మొన్న పెట్టామన్నారు మామగారు. లోపలికి వెళ్ళి చూడొచ్చా అని అడిగాడు. మా ఆవిడ పడుకుంది, చూడటానికి కుదరదన్నారు. పొడుగాయన మంచివాడు. దారి తనే చూపించాడు. ఇంట్లో జబ్బు మనిషి ఉన్నారు కాబట్టి తాత్కాలికంగా పెట్టారని రాస్తాను, ఆవిడకి నయమయ్యాక తీసేస్తామని ఒక్క మాట చెప్పండి చాలు అన్నాడు. మా ఆయన నా చెయ్యి గట్టిగా నొక్కాడు. ఒక్క మాట అంటే ఇల్లు దక్కుతుంది. మామగారు జీవితంలో అబద్ధమాడగా నేను చూడలేదు గానీ, అది అబద్ధమనిపించుకునేంత పెద్దది కూడా కాదు.

"తీసెయ్యను," అన్నారు మామగారు.

అప్పుడు తలుపు మీది ఖాళీలోంచి అత్తయ్య గొంతు వచ్చింది. ఎప్పుడు లేచిందో, మొదటి నుంచీ వింటోందో. "ఏమండీ, తీసేస్తామని చెప్పండి. ఇల్లు పోతుంది."

మామగారు తలుపు వైపు తిరిగారు. "నువ్వు పడుకో," అన్నారు. మళ్ళీ పొడుగాయన వైపు తిరిగి, "చెప్పానుగా, పడుకుంది. తలుపు ఉంటుంది. ఆలస్యంగా పెట్టాను, అంతే. అది కూడా రాసుకో."

పొడుగాయన సరేనన్నాడు. వెళ్ళేటప్పుడు మళ్ళీ నమస్కారం పెట్టాడు, ఈసారి ఇంకా కిందికి వంగాడు. వాళ్ళు వీధి మలుపు తిరిగాక వడ్రంగి లేచి, విప్పమంటారా వద్దా అయ్యగారూ, నాకింకో చోట పనుంది అన్నాడు. వద్దన్నారు. అడుగున చెక్క నేలకి రాసుకుంటోంది, కాస్త చిత్రిక పట్టి వెళ్ళమన్నారు.

కాగితం రాలేదు. తొలివానలకి ముందే రోడ్డువాళ్ళు వచ్చి ఎర్రరంగుతో గీత గీశారు, ఆ గీత ముందు గది మధ్యలోంచి పోయింది. గాల్లో తేలే మెట్లు గీతకి అవతల పడ్డాయి. కూలగొట్టే రోజు ఇల్లు వదిలి పోదామని మా ఆయన అన్నాడు గానీ మామగారు కదల్లేదు. మెట్లు విరగ్గొట్టడానికి రోడ్డువాళ్ళ మిషనుకి చాలాసేపు పట్టింది. బలంగానే కట్టారు అని అత్తయ్య తన గదిలోంచే అంది. ఆయన ఆ మాట విని తలూపారు. ఆ పూట ఆయన గంజి తప్ప ఏమీ తినలేదు. నాకు ఆయన ముందు కూర్చోవడానికి మొహం చెల్లలేదు. తలుపు పెట్టించింది నేనే. పెట్టించి తప్పు చేశానని మాత్రం ఒక్కసారి కూడా అనుకోలేదు. రెండూ ఒకేసారి మోయడం ఎంత కష్టమో నాకు తెలుసు.

ముందు భాగం పోయాక మిగిలిన ఇంటిని మళ్ళీ సర్దుకోవాల్సి వచ్చింది. మేం పడుకునే చోటు ఇప్పుడు వీధి మొహాన పడింది, గోడ లేపాలి. మామగారు చాలా ఏళ్ళుగా మూలన పెట్టిన ప్లాన్లు గీసే బల్లని బయటికి తీసి తుడిచారు. పొద్దుటి నుంచీ గీస్తున్నారు, చెరుపుతున్నారు. నేను వంటింట్లో గిన్నెలు కడుగుతున్నాను. ఆయన కాగితం, పెన్సిలు పట్టుకుని వచ్చి నా పక్కన నిలబడ్డారు. గోడకి చెప్పడానికేమో అనుకుని నేను తిరగలేదు.

"అమ్మా, మీ గదికి తలుపు ఎటు వైపు కావాలి?"

నాతోనే. ఆయన నన్నే కాదు, ఏ మనిషినీ, నీకెక్కడ కావాలి అని అడగగా నేను వినలేదు. ఎటు పెట్టాలో ఆయనకే తెలిసేది ఎప్పుడూ. చేతులు తడిగానే ఉన్నాయి, తుడుచుకోకుండానే కాగితం వైపు చూశాను. మా గది ఉంది, రెండు గోడలు, కిటికీ. తలుపు దగ్గర ఖాళీ వదిలారు.

"రెండు కావాలి మామయ్యగారూ. ఒకటి ఇంట్లోకి, ఒకటి పెరట్లోకి."

"పెరట్లోకి ఎందుకు?"

"ఎందుకో చెప్పను."

ఆయన పెన్సిలు మొన నాలిక మీద తడుపుకుని, గిన్నెల పక్కన తడి లేని చోటు చూసి కాగితం పరిచారు. రెండూ గీశారు.